మూడో సంపుటం, నూట పద్నాలుగో పేజీ

మా నాన్న జన్మలో ఆడిన అబద్ధం నాకు తెలిసి ఒక్కటే. దాన్ని మా రాష్ట్ర ప్రభుత్వం అచ్చు వేయించి, నీలం అట్ట వేసి, మూడో సంపుటం నూట పద్నాలుగో పేజీలో పెట్టింది. కింద ఆయన సంతకం కూడా ఉంది: లాడిస్లావ్ కుబిక్, రైతు. ఎనిమిదో తరగతితో బడి మానేసిన మనిషి సంతకం అది. ఏ అక్షరానికా అక్షరం విడిగా నిలబడి ఉంటుంది.

ఆ అబద్ధం ఆడింది ఎనభై తొమ్మిది ఆగస్టులో. వరసగా మూడో ఏడు వాన లేదు. మొక్కజొన్న మోకాలెత్తున ఎండిపోయి నిలబడింది. మధ్యాహ్నం పూట తెల్లకారు ఒకటి మా గేట్లోకి వచ్చింది. దిగినాయన పేరు హోల్కమ్. మెడకి టై, చేతిలో కాగితాలు గుచ్చిన అట్ట.

"రాజధాని నుంచి వచ్చానండీ. మీ పక్క భూమి గురించి రెండే రెండు ప్రశ్నలు" అన్నాడు.

ఆ రోజుల్లో అలాంటి కార్లు వారానికొకటి వచ్చేవి. అప్పు ఇచ్చే ముందు భూమి చూసుకునేవాళ్లూ, అప్పు తీరక భూమి లాక్కునేవాళ్లూ, అందరికీ అదే టై. పక్క భూమి ఆల్బిన్ జెలెనీది. నాన్నకి తోడబుట్టని తమ్ముడు. నేను బాబాయ్ అనే పిలుస్తాను. చర్చిలో నా నెత్తిన నీళ్లు పోసిన రోజున నన్ను ఎత్తుకుని నిలబడ్డది ఆయనే. బ్యాంకువాళ్లు ఆయన పీకల మీద కూర్చున్నారని ఊరందరికీ తెలుసు. పాపం ఎక్కడో కొత్త అప్పు పుట్టేలా ఉంది, మన నోటితో ఎందుకు చెడగొట్టాలి అనుకున్నాడు నాన్న.

"ఆ పల్లపు చేలో నీళ్లు నిలుస్తాయా, కుబిక్‌గారూ?"

"నీళ్లా? ఆల్బిన్ చేలోనా? చుక్క నిలవదండీ. బంగారం లాంటి నేల."

పచ్చి అబద్ధం. వానలు కురిసిన ఏడాది ఆ చేలో బాతులు ఈదుతాయి. చిన్నప్పుడు నేను అక్కడే కప్పలు పట్టాను. కానీ మా వైపు ఒక పద్ధతి ఉంది. పొరుగువాడి ముందు వాడిని ఎంతైనా తిట్టొచ్చు, పరాయివాడి ముందు మాత్రం వాడి నేలని తక్కువ చేసి మాట్లాడకూడదు. మా తాతల కాలం నుంచీ అంతే.

నేను ఆ హోల్కమ్‌కి నిమ్మరసం ఇచ్చాను. పొద్దున్నే కాల్చిన కొలాచీలు, అంటే గసగసాలు కూరిన మా తీపి రొట్టెలు, మూడు పెట్టాను. తింటూ "అబ్బ, ఎంత మెత్తగా ఉన్నాయండీ" అంటూ కాగితం నాన్న ముందుకి జరిపాడు. నాన్న సంతకం పెట్టాడు. తిన్నది ఆయన, ఇవాళ్టికీ అరగనిది నాకు.

అక్టోబరులో అసలు సంగతి బయటపడింది. ఐదు రాష్ట్రాలు పొత్తు కట్టాయి. అణు విద్యుత్ కేంద్రాల్లో వాడేసిన గొట్టాలు, వడపోతలు, చేతి తొడుగులు, ఆసుపత్రుల్లో మిగిలిన సీసాలు, ఇదంతా ఎవరో ఒకరి గడప ముందు పూడ్చాలి కదా. ఓటు పెట్టుకున్నారు. నాలుగు చేతులు లేచి మా రాష్ట్రాన్ని చూపించాయి. మా రాష్ట్రం తల తిప్పి మా జిల్లాని చూపించింది. జిల్లా మొత్తం కలిపినా మూడు వేల మంది లేం. ఓట్లు తక్కువ, గాలి ఎక్కువ. ఆ వేలు తిరిగి తిరిగి ఆల్బిన్ బాబాయి మూడు వందల ఇరవై ఎకరాల మీద ఆగింది. ఆ చెత్త పూడ్చే కాంట్రాక్టు పట్టిన కంపెనీ వాళ్లకి భూమి ఇస్తానని ఆయన అప్పటికే మాట ఇచ్చేశాడు. ఆ పల్లపు చేను మా బావికి అర మైలు ఎగువన ఉంది.

వాటికి "తక్కువ స్థాయి వ్యర్థాలు" అని ముద్దుపేరు పెట్టారు. ఎంత తక్కువ అంటే వందేళ్లు రాష్ట్రమే కాపలా కాస్తుందట. నూట పాతికేళ్ల కిందట ఈ రాష్ట్రమే లేదు! అనుమతి ఇవ్వాలో వద్దో తేల్చేది హోల్కమ్ పనిచేసే శాఖ. తేల్చడానికయ్యే ఖర్చంతా అనుమతి అడిగే కంపెనీయే పెడుతుంది. మా గొడ్ల సంతలో కూడా తూకం వేసేవాడికి అమ్మేవాడు జీతం ఇవ్వడు.

చట్టంలో ఒక్క ముక్క మాత్రం మా వైపు ఉంది. నీళ్లు నిలిచే నేలలో ఆ చెత్త పూడ్చకూడదు. అందుకే అనుమతి కోసం అచ్చు వేసిన నివేదికలో మూడో సంపుటం నిండా ఆ నేల ఎంత పొడిగా ఉందో రాశారు. నూట పద్నాలుగో పేజీలో "స్థానిక రైతు కూడా ధ్రువీకరించారు" అని మా నాన్న.

ఇదంతా ముందుమాట. నేను చెప్పదలచుకున్నది ఆ తర్వాత వచ్చిన వసంతం గురించి.

* * *

మార్చి మొదట్లో రాష్ట్రం వాళ్లు బహిరంగ విచారణ పెడతామని చాటించారు. అప్పటికే బ్రోద్‌లో, అంటే మా ఊళ్లో, జనం రెండుగా చీలిపోయారు. ఉన్నవే రెండు కాఫీ కొట్లు. ఒకటి కంపెనీ కావాలనే వాళ్లది, రెండోది వద్దనే వాళ్లది అయిపోయింది. చర్చిలో కూడా ఎవరి బెంచీలు వాళ్లవే. నేను బడి బస్సు నడుపుతాను. పిల్లలు సైతం ఎక్కగానే ఎడమ పక్కా కుడి పక్కా చూసుకుని కూర్చునేవాళ్లు. నాకు ఒళ్లు మండిపోయేది.

నాన్న వంటింటి బల్ల దగ్గర కూర్చుని మూడో సంపుటం తెరిచి, తన సంతకం మీద వేలు పెట్టి చూస్తూ ఉండేవాడు. నేను ఊరుకోలేదు.

"విచారణలో లేచి చెప్పు నాన్నా, అబద్ధం ఆడానని."

"ఏమని చెప్పనే? ఆల్బిన్ నేల పనికిమాలిందని జిల్లా అంతా వింటుంటే చెప్పనా?"

"ఆ ఆల్బినే మన నెత్తిన నిప్పులు పోస్తున్నాడు కదా!"

"వాడు మునిగిపోతున్నాడమ్మా. మునిగేవాడు చేతికి ఏదందితే అది పట్టుకుంటాడు."

"మన మెడకాయ అందింది మరి."

నాన్న పుస్తకం మూసేసి గొడ్ల దగ్గరికి వెళ్లిపోయాడు. ముప్పై ఎనిమిదేళ్ల కూతురితో వాదించే ఓపిక ఆయనకి ఎప్పుడూ లేదు. అమ్మ పోయాక అసలే లేదు.

ఆ వారమే రైతు సంఘం కొట్లో ఆల్బిన్ బాబాయ్ ఎదురుపడ్డాడు. నేను గొడ్లకి ఉప్పుగడ్డలు ఎత్తుకుంటున్నాను. తప్పించుకుపోదామనుకున్నాను గానీ ఆయనే ఆపాడు.

"ఏమే వ్లస్తా, కనపడనట్టే పోతున్నావు?"

"ఆ చేలో నీళ్లు నిలుస్తాయని నీకు తెలీదా బాబాయ్? అక్కడ నాకు కప్పలు పట్టిచ్చింది నువ్వే కదా?"

"వాళ్లు పెద్ద చదువులు చదివినవాళ్లు. అన్నీ చూసుకుంటాం అన్నారు."

"వాళ్లు ఎండాకాలంలో వచ్చి చూశారు. నువ్వు అరవై ఏడేళ్ల నుంచి చూస్తున్నావు."

ఆయన టోపీ తీసి, మళ్లీ పెట్టుకున్నాడు. "ఆ పొలం పోతే ఈ వయసులో నేను ఎక్కడికి పోవాలే? చెప్పు. నువ్వే చెప్పు" అన్నాడు.

జవాబు లేనప్పుడు నాకు కోపం ఇంకా ఎక్కువ వస్తుంది. ఉప్పుగడ్డలు అక్కడే వదిలేసి వచ్చేశాను.

* * *

విచారణ బడి వ్యాయామశాలలో జరిగింది. బుట్టబంతి ఆడే చోట, బుట్ట కిందనే పొడవాటి బల్ల వేసుకుని రాష్ట్రం వాళ్లు ఐదుగురు కూర్చున్నారు. మధ్యలో హోల్కమ్. మాట్లాడేవాళ్లకి మనిషికి మూడు నిమిషాలు. కోడిగుడ్లు ఉడకబెట్టడానికి పెట్టుకునే గడియారం లాంటిది ఒకటి తెచ్చారు. మూడు నిమిషాలు కాగానే టింగుమంటుంది. వందేళ్ల విషపు మూటకి మనిషికి ఒక గుడ్డు ఉడికేంత సమయం ఇచ్చారన్నమాట.

నా వంతు ముందు వచ్చింది. "మీ లారీలు వారానికి మూడు టర్టిల్ వాగు వంతెన మీదుగా వస్తాయని రెండో సంపుటంలో రాశారు. ఆ వంతెన మీద ఒక్క బండే పడుతుంది. నేను రోజూ పందొమ్మిది మంది పిల్లల్ని దాని మీదుగానే తీసుకెళ్తాను. ఎదురైతే వెనక్కి పోవాల్సింది ఎవరండీ? నేనా, మీ చెత్త పీపాలా?"

హోల్కమ్ పక్కనున్నామెతో గుసగుసలాడాడు. "ఆ విషయం రోడ్ల శాఖ పరిధిలోకి వస్తుందమ్మా" అన్నాడు.

"రోడ్ల శాఖ వాళ్లు వచ్చారా?"

"ఈ విచారణ వాళ్లది కాదు."

"మరి బావి సంగతి ఎవరిని అడగాలి? నీళ్ల శాఖనా? వాళ్లూ రాలేదా?" అన్నాను. టింగుమంది.

ఆ తర్వాత నాన్న లేచాడు. చర్చి కోటు వేసుకున్నాడు, మెడ దగ్గర బొత్తాం బిగించుకున్నాడు. లేస్తాడని నేను అనుకోలేదు. ముందురోజు అడిగితే "చూద్దాంలే" అన్నాడంతే. మైకు దగ్గరికి వెళ్లి, రాష్ట్రం వాళ్లకేసి కాక వెనక వరసలో కూర్చున్న ఆల్బిన్ బాబాయి కేసి చూశాడు.

"ఆల్బిన్, ఏమీ అనుకోకురా" అన్నాడు. తర్వాత బల్లకేసి తిరిగాడు. "నూట పద్నాలుగో పేజీలో ఉన్నది నా మాట. అది అబద్ధం. వానలు పడితే ఆ చేలో నీళ్లు నిలుస్తాయి. యాభై రెండులో గుర్రం దిగబడితే నేనూ ఆల్బినూ తాళ్లు కట్టి లాగాం. మీరు బ్యాంకు నుంచి వచ్చారనుకుని, పొరుగువాడికి మేలు జరుగుతుందని అలా చెప్పాను. తప్పు నాదే. కొట్టేయండి."

మా నాన్న నలుగురిలో అన్ని మాటలు మాట్లాడటం నేను అంతకు ముందూ వినలేదు, ఆ తర్వాతా వినలేదు.

హోల్కమ్ కళ్లజోడు సర్దుకున్నాడు. "కుబిక్‌గారూ, మాకు కాస్త అయోమయంగా ఉంది. అబద్ధం అప్పుడు ఆడారా, ఇప్పుడు ఆడుతున్నారా?"

కంపెనీ వాళ్లు కూర్చున్న వైపు నుంచి నవ్వులు వినిపించాయి. మా ఇంట్లో నా చేతి కొలాచీలు తిన్న నోటితోనే ఆ మాట అన్నాడు! నాన్న మెడ ఎర్రబడింది.

"పైగా పోయిన డిసెంబరు ముప్పై ఒకటితో సాక్ష్యాలు మూసేశాం. కొత్త ఆధారం ఉంటే చూస్తాం. కానీ ఆధారం అంటే మాట కాదు. మా శాఖ ఉద్యోగి స్వయంగా ఆ నేల మీద చూసి, రాసి, సంతకం చేసి ఉండాలి" అన్నాడు హోల్కమ్.

టింగుమంది. నాన్న ఆ గడియారానికి కూడా తల వంచి, వచ్చి కూర్చున్నాడు. వెనక్కి తిరిగి చూస్తే ఆల్బిన్ బాబాయి కుర్చీ ఖాళీగా ఉంది.

* * *

మూడేళ్లు మొహం చాటేసిన వాన ఏప్రిల్లో అప్పంతా ఒక్కసారే తీర్చింది. మంచు కరిగిన నీళ్లు ఒకపక్క, తొమ్మిది రోజుల ముసురు ఒకపక్క. పదో రోజు పొద్దున బస్సు తీస్తూ చూస్తే ఆల్బిన్ బాబాయి పల్లపు చేను చెరువైపోయింది. బాతులు దిగాయి. పాపం వాటికి మూడో సంపుటం చదవడం రాదు.

నేను హోల్కమ్ ఆఫీసుకి ఫోన్ చేశాను. "మా తనిఖీ జూన్‌లో ఉందమ్మా" అన్నారు. జూన్‌కి ఎండిపోతుందంటే "అప్పుడు చూసిందే రాస్తాం" అన్నారు. ఫోటోలు తీసి పంపాను. "ఫోటోలో ఉన్న నీళ్లు ఆ చేలోవే అని రుజువు లేదు" అని ఉత్తరం వచ్చింది. ఆ ఉత్తరం చించబోయి, కోపం చల్లారకుండా ఉండాలని దాచుకున్నాను.

దేవుడున్నాడో లేడో గానీ మూడు నెలలకోసారి ఆ చేలో దించిన గొట్టపు బావుల్లోంచి పరీక్షకి నీళ్లు తోడే లెక్క ఒకటి వాళ్లకి ఉంది. ఏప్రిల్ ఇరవై ఆరున ఆ పని మీద లారీ వచ్చింది. డ్రైవరూ, పక్కన హోల్కమూ. గట్టు మీద ఆపి నడిచి పోవచ్చు. కానీ నేల పొడి నేలని వాళ్ల పుస్తకంలో వాళ్లే రాసుకున్నారు కదా, నేరుగా చేలోకి దింపారు. గంట తర్వాత హోల్కమ్ మోకాళ్ల దాకా బురదతో, ఒక బూటు చేత్తో పట్టుకుని మా వాకిట్లోకి వచ్చాడు.

"కుబిక్‌గారూ, మా లారీ కాస్త... మీ ట్రాక్టరు..."

నాన్న అప్పటికే టోపీ అందుకుంటున్నాడు. మా వైపు ఎవరి బండి దిగబడినా లాగాల్సిందే. పగవాడైనా, పన్నులు వసూలు చేసేవాడైనా సరే. డబ్బు పుచ్చుకోరు, ప్రశ్నలు వేయరు. అందుకే ట్రాక్టరు తాళంచెవి ఎప్పుడూ ట్రాక్టరుకే ఉంటుంది. లాగే గొలుసు అరువిస్తే మాత్రం తీసుకున్నవాడు దాన్ని చేతికే తిరిగివ్వాలి, లోపలికి వచ్చి కాఫీ తాగి పోవాలి. గేటుకి తగిలించి పోయాడంటే, నీ మొహం చూడను అన్నట్టే.

నేను నాన్నకంటే ముందు కొట్టంలోకి పరుగెత్తాను. తాళంచెవి ఊడబెరికి ఏప్రాన్ జేబులో వేసుకున్నాను.

"మీ లారీ ఎందులో దిగబడింది హోల్కమ్‌గారూ?" అన్నాను.

"ఎందులో ఏంటమ్మా, చేలో."

"చేలో ఏముంది?"

ఆయనకి అర్థమైంది. ముప్పై మైళ్లలో ఇంకో ట్రాక్టరు దొరక్క కాదు. దారిలో అన్ని ఇళ్లూ మా బంధువులవో, మా బెంచీవాళ్లవో. ఆల్బిన్ బాబాయ్ ఆ వారం తన ట్రాక్టరు బాగుచేయించడానికి పక్క జిల్లాకి తీసుకెళ్లాడు.

"మీ శాఖ ఉద్యోగి ఆ నేల మీద స్వయంగా చూసి, రాసి, సంతకం చేస్తే ఆధారం అవుతుందని మీరే అన్నారు. ఇదిగో కాగితం. రాయండి" అన్నాను.

"పైవాళ్లని అడక్కుండా అలా రాయకూడదమ్మా."

"ఫోన్ గోడకే ఉంది. అడగండి. ఈలోగా లారీ ఇంకో అడుగు దిగుతుంది, అంతే కదా."

హోల్కమ్ నన్ను వదిలేసి నాన్నకేసి చూశాడు. మగవాడు, పెద్దవాడు, నెమ్మదస్తుడు. "మీరైనా చెప్పండి కుబిక్‌గారూ. మనుషులన్నాక సాయం..."

నాన్న గుమ్మంలో నిలబడి ఉన్నాడు. డెబ్బై ఒక్క ఏళ్లలో దిగబడ్డ బండిని చూసి కాళ్లు కదపకుండా ఆగింది ఆయన అప్పుడే. నా జేబుకేసి చూశాడు. చెయ్యి చాపుతాడేమో, తాళం ఇమ్మంటాడేమో, ఇవ్వక తప్పదేమో అనుకున్నాను.

ఆయన టోపీ తీసి మేకుకి తగిలించాడు. "వ్లస్తా, కాఫీ పెట్టమ్మా. ఆయనకి కాస్త టైం పట్టేలా ఉంది" అన్నాడు.

కాఫీ ఇచ్చాను. కొలాచీలు మాత్రం పెట్టలేదు.

హోల్కమ్ రెండుసార్లు ఫోన్ చేశాడు. రెండోసారి అవతలివాళ్లు పెట్టేశారు. చివరికి కలం తీసి "నేల కొంత మెత్తగా ఉన్నందువల్ల" అని మొదలుపెట్టాడు. నేను కాగితం లాక్కుని ఇంకోటి ఇచ్చాను. "తాత్కాలిక తేమ" అని రాశాడు. అదీ లాక్కున్నాను.

"నీళ్లు అని రాయండి సార్. చిన్న మాటే కదా."

"నా ఉద్యోగం పోతుందమ్మా."

"మాకు బావి పోతుంది."

లోతు ఎంతని రాయాలో తెలియక ఆయన ఆగాడు. నాన్న పార తీసుకుని చేలోకి నడిచాడు. అరగంటకి తిరిగొచ్చి, పార కర్ర మీద తడి గుర్తు దగ్గర బొటనవేలు పెట్టి చూపించాడు. "పద్నాలుగు అంగుళాలు. తూర్పు కంచె నుంచి మూడో స్తంభం దాకా" అన్నాడు. హోల్కమ్ ఆ రెండు ముక్కలూ రాసి, తారీకు వేసి, సంతకం పెట్టాడు. పెద్దవాళ్ల సంతకం కదా, ఒక్క అక్షరమూ తెలియలేదు. కింద పేరు విడివిడిగా రాయమన్నాను.

అప్పుడు తాళం నాన్న చేతిలో పెట్టాను. ఆయన గొలుసు భుజాన వేసుకుని వెళ్లి, పది నిమిషాల్లో లారీని గట్టెక్కించాడు.

* * *

ఊళ్లో మా బెంచీవాళ్లంతా నన్ను ఎత్తుకున్నంత పని చేశారు. కాఫీ కొట్లో ఆ కాగితం నకలు గోడకి అంటించారు. మా వకీలు దాన్ని రాష్ట్రం మొహాన పెట్టాడు. వాళ్లు కిందా మీదా పడ్డారు, కోర్టులకి పోయారు, హోల్కమ్‌ని ఇంకో శాఖకి మార్చారు. అనుమతి లేదని తేల్చడానికి ఎనిమిదేళ్లు పట్టింది. కారణం నీళ్లే. ఆ చెత్త మా జిల్లాకి రాలేదు.

కానీ ఆ మే నెలలో మా ఇంట్లో పండగేమీ లేదు. నాన్న భోజనాల దగ్గర కూడా మాట్లాడటం తగ్గించాడు. ఒకరోజు నేనే ఉండబట్టలేక అడిగాను.

"నేను చేసింది తప్పా నాన్నా?"

"కాదు."

"మరి?"

"దిగబడ్డ మనిషికి షరతు పెట్టామే. కాఫీ పెట్టమన్నది నేనే, నిన్ను అనడం లేదు. షరతు పెట్టాల్సి వచ్చింది. అలా పెట్టాల్సి వచ్చేలా చేశారు చూడు, అది నాకు మింగుడు పడటం లేదు" అన్నాడు.

నెలాఖరున మళ్లీ ఒక గట్టి వాన పడింది. మా గేటు ముందు మట్టిరోడ్డు జారుడుగా ఉంటుంది. పొద్దున తొమ్మిది గంటల వేళ ఆల్బిన్ బాబాయి పాత నీలం పికప్పు జారి, సరిగ్గా మా గేటుకి ఎదురుగా గోతిలో దిగబడింది. మేమిద్దరం వంటింటి కిటికీలోంచి చూస్తున్నాం. నాన్న టోపీ కోసం చెయ్యి చాపాడు.

బాబాయ్ దిగాడు. చక్రాలు చూశాడు. మా ఇంటికేసి ఒక్కసారి చూశాడు. తర్వాత కోటు కాలరు పైకి లాక్కుని, మా గేటు ముందు నుంచే వానలో నడుచుకుంటూ వెళ్లిపోయాడు. తర్వాతి ఇల్లు రెండు మైళ్ల దూరం.

కుబిక్‌ల ఇంట్లో సంతకం పెడితే గానీ బండి లాగరని జిల్లా అంతా నవ్వుతూ చెప్పుకుంటున్నారని నాకు తెలుసు. ఆ నవ్వు ఆయనకి ఎలా వినిపించి ఉంటుందో ఆ కిటికీ దగ్గర నిలబడ్డప్పుడు గానీ తెలియలేదు.

నాన్న బయటికి వెళ్లాడు. ట్రాక్టరు తీశాడు. మనిషి లేని పికప్పుకి గొలుసు కట్టి, నెమ్మదిగా గోతిలోంచి లాగి, దాని మొహం ఆల్బిన్ ఇంటివైపు తిప్పి రోడ్డు మీద నిలబెట్టాడు. తడిసి ముద్దై లోపలికి వచ్చాడు.

"గొలుసు బండికే వదిలేశావు నాన్నా. మర్చిపోయావా?"

"మర్చిపోలేదు" అన్నాడు.

ఆ గొలుసు మా తాతది. నాన్న దాన్ని ఏ పొద్దూ వాన తడిలో వదిలింది లేదు. రోజూ మధ్యాహ్నం రెండు కప్పులు కడిగి బల్ల మీద బోర్లించేవాడు. ఒకటి తనది, ఒకటి గొలుసు తెచ్చి ఇచ్చేవాడిది. పదకొండు రోజులు అలా గడిచాయి.

పన్నెండో రోజు ఆదివారం. చర్చి నుంచి తిరిగొచ్చేసరికి గొలుసు మా గేటుకి వేలాడుతోంది. ఆ రోజు చర్చిలో ఆల్బిన్ బాబాయ్ లేడు. మేము ఇంట్లో ఉండని వేళ చూసుకుని వచ్చి వెళ్లాడు.

నాన్న కారు దిగి దాన్ని రెండు చేతులతో అందుకున్నాడు. కొక్కెం నుంచి కొస దాకా ఒక్కో లంకె తిప్పి చూశాడు. నేనూ చూశాను. ఎక్కడా ఒక్క బురద మరక లేదు. ప్రతి లంకె కడిగి, తుడిచి, నూనె రాసి ఉంది. అలా చేయాలంటే కూర్చుని పూటంతా చేయాలి.

చేతికివ్వని గొలుసుని నూనె రాసి ఎవరు తిరిగిస్తారు? ఐదు రాష్ట్రాల చెత్త మా నేల మీద పడలేదు, నిజమే. నాన్నకీ బాబాయికీ మధ్య ఇది మాత్రం మా నేల మీదే జరిగింది. దీన్ని ఎన్నో సంపుటం ఎన్నో పేజీలో రాస్తారో, కింద ఎవరు సంతకం పెడతారో ఆ రాజధాని వాళ్లని అడగాలని నాకు ఇవాళ్టికీ ఉంది.